పరిగెత్తే చేతులే గోలు కొట్టాలి

2018 మార్చి 18. దక్షిణ కొరియాలో వింటర్ పారాలింపిక్స్ స్లెడ్జ్ హాకీ ఫైనల్. కెనడా 1-0తో ముందుంది. ఓటమి దగ్గరపడటంతో అమెరికా తెగించి గోల్‌కీపర్‌ను బయటికి పిలిచేసి, బదులుగా మరో దాడి ఆటగాణ్ణి దించింది. ఖాళీ గోలుపోస్టు వైపు కెనడా ఆటగాడు రాబ్ ఆర్మ్‌స్ట్రాంగ్ కొట్టిన పక్ (ఆటలో వాడే గుండ్రటి బిళ్ల) కంబానికి తగిలి పక్కకు పోయింది. ఇంకో 38 సెకన్లలో ఆట ముగుస్తుందనగా అమెరికా ఆటగాడు డెక్లాన్ ఫార్మర్ స్కోరు సమం చేశాడు. అదనపు సమయం మొదలైన మూడున్నర నిమిషాలకు మళ్లీ అతడే గోలు కొట్టి బంగారం గెలిపించాడు. అప్పటికి అతడికి ఇరవయ్యేళ్లు.

పుట్టుకతో వచ్చిన వైకల్యం వల్ల ఫార్మర్‌కు రెండు కాళ్లూ లేవు. వార్తలు సాధారణంగా ఆ మాట దగ్గరే ఆగిపోతాయి, చదివినవాళ్లు అయ్యో అనుకుంటారు. నాకు మాత్రం ఆ గోలుల వెనకున్న పనితనం గురించే చెప్పాలని ఉంది.

ఈ ఆటలో ఆటగాడు అల్యూమినియం చట్రానికి బిగించిన తొట్టిలాంటి సీటులో కూర్చుంటాడు. ఆ బండే స్లెడ్జ్. కాళ్లను, నడుమును పట్టీలతో కట్టేస్తారు. సీటు కింద రెండు స్కేటింగ్ బ్లేడులుంటాయి. కొత్తగా నేర్చుకునేవాళ్లకు ఆ రెండింటి మధ్య ఎడం ఎక్కువగా పెడతారు, అప్పుడు స్లెడ్జ్ పడిపోదు. ఆరితేరినవాళ్లు బాగా దగ్గరగా పెట్టించుకుంటారు. నడుము కాస్త వంచితే చాలు, బండి చటుక్కున మలుపు తిరుగుతుంది. కానీ నిలకడంతా ఇక పొట్ట కండరాల మీదే.

ఒక్కో చేతిలో ఒక్కో పొట్టి కర్ర ఉంటుంది. ఒక్కోదాని పొడవు మీటరుకు మించకూడదు. ఒక కొసన పక్‌ను కొట్టే వంపు, రెండో కొసన మంచులో దిగే ఉక్కు పళ్లు. పళ్ల కొసను మంచులో గుచ్చి వెనక్కి తోస్తేనే స్లెడ్జ్ కదులుతుంది. పక్ దగ్గరికి రాగానే మణికట్టు తిప్పి, పట్టు జార్చి, కర్రసాము చేసేవాడిలా రెండో కొసను కిందికి తేవాలి. ఆ క్షణంలో ఆ చేయి తోయడం మానేస్తుంది. ఈ ఆట ఆయువుపట్టు ఇదే. గోలుకు గురిపెట్టిన ప్రతిసారీ కొంత వేగం వదులుకోవాలి. ఎప్పుడు తోయాలి, ఎప్పుడు కొట్టాలి, ఏ చేత్తో కొట్టాలి అన్న లెక్క తలలో ఆగకుండా నడుస్తూనే ఉండాలి.

2024 పారిస్ పారాలింపిక్స్‌లో సౌదీ అరేబియాకు వీల్‌చెయిర్ 100 మీటర్ల పరుగులో బంగారం తెచ్చిన అబ్దుల్‌రహ్మాన్ అల్‌ఖురషీని తలచుకుంటే తేడా తెలుస్తుంది. అక్కడ రెండు చేతులూ ఒకే పని మీద సర్వశక్తులూ పెడతాయి. ఇక్కడ అవే చేతులు పరిగెత్తాలి, పక్‌ను కాపాడుకోవాలి, ఢీకొట్టడానికి వచ్చేవాణ్ణి తట్టుకోవాలి, గోలు కొట్టాలి.

కుడిచేతి వాటం, ఎడమచేతి వాటం అన్న తేడా కూడా ఇక్కడ పెద్దగా పనికిరాదు. రెండు చేతులతోనూ సమానంగా కొట్టగలవాణ్ణి ఆపడం గోల్‌కీపర్‌కు నరకం. చట్రం కింద పక్ పట్టేంత ఖాళీ ఉండాలన్నది నియమం. అందుకే నేర్పున్నవాడు పక్‌ను తన కిందుగానే ఒక పక్క నుంచి మరో పక్కకు పంపి, ఎదుటివాడు తేరుకునేలోపు రెండో చేత్తో అందుకుంటాడు. గోల్‌కీపర్ కూడా కూర్చునే ఉంటాడు, గోలుపోస్టు మాత్రం మామూలు ఐస్ హాకీదే. కాబట్టి పై మూలలకు పక్‌ను లేపగలగడం చాలా విలువైన విద్య. అలాంటి గోలుపోస్టు ముందు కూర్చుని 2010 వాంకూవర్ పోటీలన్నింటిలోనూ అమెరికా గోల్‌కీపర్ స్టీవ్ క్యాష్ ఒక్క గోలూ ఇవ్వలేదు! దీన్ని మించిన ఘనత ఈ ఆటలో నాకు కనిపించదు.

భుజంతో ఢీకొట్టవచ్చు. స్లెడ్జ్ ముందు కొసతో నిలువునా గుద్దితే మాత్రం తప్పు, శిక్షగా బయట కూర్చోవాలి.

ఇదంతా 1960ల తొలినాళ్లలో స్టాక్‌హోమ్‌లోని ఒక పునరావాస కేంద్రంలో మొదలైంది. హాకీ వదులుకోవడం ఇష్టంలేని కొందరు స్వీడన్‌వాళ్లు ఇనప చట్రానికి బ్లేడులు బిగించి, గుండ్రటి కర్రలకు సైకిల్ హ్యాండిల్ పిడులు తొడిగి ఆడేశారు. 1994లో లిల్లెహామర్‌లో పారాలింపిక్ క్రీడ అయింది, తొలి బంగారం స్వీడన్‌కే దక్కింది. 2016లో దీని పేరును పారా ఐస్ హాకీగా మార్చారు.

ఫార్మర్‌ది ఫ్లోరిడాలోని టాంపా. మన కోస్తాలాగే వేడి, ఉక్కపోత ఉన్న ఊరు. పదహారేళ్లకు సోచిలో మొదటి పారాలింపిక్ బంగారం, ఇరవయ్యేళ్లకు కొరియాలో రెండోది, 2022లో బీజింగ్‌లో కెనడాను 5-0తో ఓడించి మూడోది. మధ్యలో ప్రిన్స్‌టన్ యూనివర్సిటీలో చదువు. వడగళ్లు పడితే వీధులు తెల్లబడే సౌదీ అరేబియాలోని అభా లాంటి కొండ ఊళ్లో ఉన్నా, మంచే ఎరుగని హైదరాబాద్‌లో ఉన్నా ఈ ఆటకు కావలసింది చలిదేశం కాదు. కప్పు కింద యంత్రాలతో గడ్డకట్టించిన మంచు చాలు.

ఐస్ రింక్ కట్టేవాళ్లు మొదటి నుంచీ గుర్తుపెట్టుకోవలసినవి రెండున్నాయి. ఆటగాళ్ల బెంచీ ముందు గడప ఉండకూడదు. స్లెడ్జ్ దిగకుండానే లోపలికి జారిపోయేలా మంచు అక్కడి దాకా పరుచుకోవాలి. బెంచీ ముందు గోడ పారదర్శకంగా ఉండాలి, లేకపోతే కింద కూర్చున్నవాళ్లకు ఆటే కనబడదు. కట్టేశాక ఇవి మార్చాలంటే గోడలు పగలగొట్టాలి. అందుకే నక్షా గీసే రోజునే స్లెడ్జ్ ఆటగాణ్ణి పక్కన కూర్చోబెట్టుకుని అడగాలి.