దిగే కీలు

పిల్లల కథల శిబిరాలకు పిలిస్తే కాదనకుండా వెళ్తుంటాను. కాలంలో వెనక్కీ ముందుకూ పోయే బండి మీద కథ రాయమంటే చాలు, పదేళ్ల పిల్లలు కూడా కాగితాలు నింపేస్తారు. బండికి రెక్కలుంటాయి, లేజర్లుంటాయి, కోరిన ఏడాదిలో దింపే ఎర్ర బటన్ ఉంటుంది. నేను అడిగేది ఒక్కటే: "మరి దీన్ని ఆపేదెలా నాన్నా?" అక్కణ్నుంచి పెన్ను మూతలు కొరకడం మొదలు. పెద్దవాళ్ల రాతప్రతుల్లోనూ ఇదే వరస. మాయయంత్రం ఏమేం చేస్తుందో పేజీలకు పేజీలు రాస్తారు, ఏం చేయలేదో ఒక్క ముక్క రాయరు. చదివేవాడికి నమ్మకం కుదిరేది ఆ రెండోదాంతోనే.

అరేబియన్ నైట్స్‌లో ఎగిరే కొయ్యగుర్రం కథ ఉంది. గుర్రాన్ని తెచ్చిన పండితుడు రాకుమారుడి మీద కడుపుమంటతో పైకి లేపే కీలు మాత్రమే చూపిస్తాడు. దించే కీలు సంగతి ఎత్తడు. గుర్రం మబ్బుల్లోకి దూసుకుపోతుంటే ఆ కుర్రవాడు దాని మెడా భుజాలూ తడుముకుంటాడు చూడండి, కథ పుట్టింది అక్కడే. రెండు కీళ్లూ ముందే చూపించి ఉంటే విహారయాత్రతో సరిపోయేది. అక్కినేని 'కీలుగుర్రం' (1949) చూసినవాళ్లకు ఈ జాతి గుర్రాలు కొత్తేమీ కాదు.

ఇక హెచ్.జి. వెల్స్. 'ది టైమ్ మెషీన్' 1895లో వచ్చింది. అందులో యంత్రం దేనితో నడుస్తుందో ఆయన చెప్పనే లేదు. కొంత నికెల్, కొంత ఏనుగుదంతం, ఇత్తడి, స్ఫటికం, కూర్చోవడానికో జీను, రెండు మీటలు. ఆ మాత్రం సరంజామాతో వెల్స్ మనల్ని ఎనిమిది లక్షల రెండువేల చిల్లర సంవత్సరంలోకి లాక్కుపోతాడు, మనం నోరెత్తకుండా వెళ్తాం. ఎలాగంటారా? మొదట చిన్న నమూనా యంత్రం ఒకటి బల్ల మీద పెట్టిస్తాడు. దాని మీటను కథానాయకుడు తానే నొక్కడు. అతిథుల్లో ఒక మనస్తత్వ శాస్త్రవేత్త చెయ్యి పట్టుకుని, అతని వేలితో నొక్కిస్తాడు. నమూనా మాయం. నమ్మని మనిషి వేలితోనే పని జరిపించాడు కాబట్టి అందరితో పాటు పాఠకుడి వేలికీ కాస్త తడి అంటుకుంటుంది.

అంతకంటే నాకు ఇష్టమైనది ఇంకొకటి ఉంది. ఆ యంత్రం కాలంలోనే కదులుతుంది, చోటు మారదు. ప్రయోగశాలలో ఆగ్నేయమూల నుంచి బయల్దేరింది కాబట్టి తిరిగి అక్కడికే రావాలి. వచ్చింది మాత్రం వాయవ్యమూలకి. ఎందుకంటే ఆ సుదూర భవిష్యత్తులో మోర్లాకులనే జీవులు దాన్ని పచ్చిక మీంచి లాగి, ఒక పెద్ద విగ్రహం పీఠంలో దాచేశారు. ఎంత దూరం లాగారో ఇక్కడ గదిలో యంత్రం సరిగ్గా అంత దూరం జరిగి కూర్చుంది. వెల్స్ దీన్ని రెండు మూడు వాక్యాల్లో, ఏదో గుర్తొచ్చి అన్నట్టు అనేసి పోతాడు. ఎన్ని సమీకరణాలు గుప్పించినా రాని నమ్మకం, ఆ మూల మారడం వల్ల వచ్చేస్తుంది. అన్నట్టు, భవిష్యత్తులో దిగగానే మీటలు రెండూ మరలు తిప్పి ఊడదీసి జేబులో వేసుకోవడం కూడా ఆ ప్రయాణికుడు మరిచిపోడు. బండి దిగి తాళంచెవి జేబులో వేసుకునే మనిషిని ఎవరు మాత్రం అనుమానిస్తారు!

వెల్స్ కన్నా ముందే, 1887లో, స్పెయిన్ రచయిత ఎన్రికె గాస్పర్ కాలయంత్రం ఒకటి నడిపాడు. అది కరెంటు బండి. వెనక్కి పోయేకొద్దీ లోపలివాళ్ల వయసు తగ్గిపోయే ప్రమాదం ఉందని గ్రహించి, అలా జరగకుండా ఒక ద్రవం కనిపెట్టి పెట్టాడు. 'బ్యాక్ టు ది ఫ్యూచర్' (1985) వాళ్లు మరీ గడుసువాళ్లు. కారు గంటకు 88 మైళ్ల వేగం అందుకోవాలి, 1.21 గిగావాట్ల విద్యుత్తు కావాలి. 1955లో ప్లుటోనియం దొరకదు, ఇక దిక్కు పిడుగు. గడియారపు గోపురం మీద పిడుగు పడే క్షణం కోసం సినిమా అంతా పరిగెత్తింది. ఇంధనం కొరతే అక్కడ కథకు ఇంధనం.

ఇంత చెప్పాక మన 'ఆదిత్య 369' (1991) నా మాటకు అడ్డుపడుతుంది. కాలేజీ రోజుల్లో చదివిన వెల్స్ సింగీతం శ్రీనివాసరావు చేత ఆ సినిమా తీయించాడు. యంత్రం ఏ సూత్రం మీద నడుస్తుందని మన హాళ్లలో ఎవరూ అడిగిన పాపాన పోలేదు. అది 1526కి, కృష్ణదేవరాయల కొలువుకు తీసుకెళ్తోంది మరి. ఏ తెలుగువాడు కాదంటాడు? చేరబోయే చోటు మీద అంత ఆశ ఉన్నప్పుడు ఇంజను పొగ వదిలినా వదలకపోయినా చెల్లిపోతుంది. అదే సినిమాలో 2504 సంవత్సరం నాకు అంతగా గుర్తులేకపోవడానికి కారణం ఇదేనేమో.

పురాణాలవాళ్లకు యంత్రం అక్కర్లేదు కానీ లెక్క మాత్రం పక్కా. కూతురు రేవతికి వరుణ్ని అడుగుదామని కకుద్మి మహారాజు ఆమెతో సహా బ్రహ్మలోకం వెళ్లాడు. అక్కడ సంగీతం సాగుతోంది, కాసేపు ఆగాడు. ఆ కాసేపట్లో భూమ్మీద ఇరవై ఏడు చతుర్యుగాలు గడిచిపోయాయి. మనసులో అనుకున్న సంబంధాలవాళ్లూ లేరు, వాళ్ల మనవలూ లేరు. బ్రహ్మ చెప్పినట్టు పిల్లను బలరాముడికిచ్చాడు. విష్ణుపురాణం ఇక్కడితో ఊరుకోదు. పాతయుగపు పిల్ల కదా, పెళ్లికొడుకు కన్నా మరీ పొడుగు. బలరాముడు నాగలి కొనతో ఆమెను తన కాలానికి తగ్గ ఎత్తుకు దించాడట. ఆ ఎత్తు సంగతి గుర్తుపెట్టుకున్న కథకుడి ముందు నేటి రచయితలం చేతులు కట్టుకుని నిలబడాలి.

ప్రస్తుతం నేనూ ఒకటి రాస్తున్నాను. నా కాలయంత్రం బావిగట్టు మీది పాత డీజిల్ ఇంజను. హ్యాండిల్ తన్నుకుని ఇలాంటివి అప్పుడప్పుడూ ఎదురు తిరుగుతాయని వాటితో పనిచేసినవాళ్లకు తెలుసు. సైలెన్సర్ లోంచి గాలి పీల్చి, గాలి పోవాల్సిన దారిలో పొగ కక్కుతాయి. నా కథలో అలా తిరిగినంతసేపూ ఆ పొలంలో కాలం వెనక్కి పోతుంది. టాంకులో డీజిల్ పెరుగుతుంది, బావిలోకి నీళ్లు తిరిగొస్తాయి. ఇంత లాభం వస్తుంటే రైతు ఇంజను ఎందుకు ఆపుతాడని మా ఆవిడ అడిగింది. బావిలోకి చేరే నీళ్లు మడిలోంచే పోవాలి కదా, వరి మళ్లీ నారై, నారు విత్తనమై పోతుంది అన్నాను. "విత్తనాల అప్పు కూడా పోతుందా?" అంది. దానికి సమాధానం ఇంకా వెతుకుతున్నాను.