లోకాంతరపు గొంతులు

టోల్కీన్ సృష్టించిన ప్రపంచం పాటలోంచే పుట్టింది. ఆయన పోయాక 1977లో వెలువడిన ‘ది సిల్మరిలియన్’ మొదట్లోనే ఐనూర్ అనే దివ్యజీవులు కలిసి పాడతారు. సృష్టికర్త అందించిన బాణీని తలా ఒక తీరుగా పెంచుతారు. వాళ్లలో మెల్కోర్ మాత్రం తన గొంతే పైన వినిపించాలని పంతం పట్టి అపస్వరం లేపుతాడు. పుస్తకంలో చదువుకోవడానికి ఇది అద్భుతంగా ఉంటుంది. చెవికి వినిపించాలంటేనే చిక్కు. మనుషులు కాని వాళ్ల పాటను మనుషుల చేత ఎలా పాడించాలి? పాశ్చాత్య సంగీతకారులు రెండు వందల ఏళ్లుగా ఈ ప్రశ్నతో కుస్తీ పడుతున్నారు.

1821లో బెర్లిన్‌లో ప్రదర్శించిన ‘డెర్ ఫ్రైషుట్జ్’ ఒపేరాలో వేబర్ తోడేళ్ల లోయలోని ప్రేతాలను రంగం మీదికి రానివ్వలేదు. కనిపించని బృందం ఒకే స్వరాన్ని పట్టుకుని పలుకుతుంది, బాణీ కదలకపోవడమే అక్కడ భయం. డెబ్యుసీ 1899లో పూర్తి చేసిన ‘నాక్టర్న్స్’ చివరి భాగంలో మాటనే తీసేశాడు. పాటతో నావికులను వశం చేసుకునే సిరీన్ల కోసం 16 మంది స్త్రీలు అచ్చులు మాత్రమే పాడతారు.

హోల్స్ట్ ఇంకా ముందుకెళ్లి చోటునే దాచేశాడు. ‘ది ప్లానెట్స్’లో చివరిదైన నెప్ట్యూన్ భాగానికి రెండు స్త్రీ బృందాలు కావాలి. వాళ్లు వేదిక మీద ఉండరు, పక్క గదిలో ఉంటారు. తలుపు తెరిచి ఉంచి, చివరి ఆవర్తం దగ్గరికి వచ్చేసరికి చప్పుడు కాకుండా నెమ్మదిగా మూయాలని స్వరపత్రంలోనే రాసిపెట్టాడు. ఆ ఆవర్తాన్ని శబ్దం దూరంలో కలిసిపోయేదాకా మళ్లీ మళ్లీ పాడుతూనే ఉండాలి. 1918 సెప్టెంబర్ 29న లండన్ క్వీన్స్ హాల్‌లో ఏడ్రియన్ బోల్ట్ నిర్వహణలో ఇది మొదటిసారి వినిపించింది. వినేవాళ్లకు అది మాయ, పాడేవాళ్లకు పరీక్ష. గదిలో ఉన్నవాళ్లకు ప్రధాన నిర్వాహకుడు కనిపించడు కాబట్టి వాళ్లను నడిపించడానికి ఇంకొకరు ఉండాలి. ఆర్కెస్ట్రా ఆసరా తగ్గేకొద్దీ శ్రుతి జారిపోతుంటుంది, దాన్ని పట్టి నిలపాలి.

అయితే అన్నిటికన్నా ముందు మనిషిని పట్టిచ్చేది ఊపిరి. పాదం చివర చిన్న ఖాళీ వినిపించగానే అక్కడ ఒక ఛాతీ, ఒక అలసట ఉన్నాయని తెలిసిపోతుంది. అందుకే బృందగాయకులు వంతులవారీగా ఊపిరి తీసుకుంటారు. పక్కనున్నవాళ్లు తీసుకునే చోట తాము తీసుకోరు, పాదం ముగిసే చోట అసలే తీసుకోరు. అచ్చు సాగుతుండగా గొంతు తగ్గించి తప్పుకుంటారు. గాలి నింపుకొని, హల్లు పలక్కుండా, అదే అచ్చు మీదికి సన్నగా వచ్చి కలుస్తారు. వెళ్లినట్టూ తెలియకూడదు, వచ్చినట్టూ తెలియకూడదు. తన గొంతు గుర్తుపట్టేలా ఉండాలని ఏళ్ల తరబడి సాధన చేసిన గాయకుడికి ఇది ఎంత కష్టమో ఊహించుకోవచ్చు.

హంగేరియన్ స్వరకర్త లిగెటి ఈ విద్యనే రచనగా మార్చాడు. 1966 నాటి ‘లుక్స్ ఎటెర్నా’లో 16 గొంతులు ఒకే వరసను వేర్వేరు వేగాలతో పాడతాయి. ఎక్కడా ఊనిక ఉండదు, ఎవరు ఎప్పుడు మొదలుపెట్టారో అంతుపట్టదు. చెవికి బాణీ అందదు, నెమ్మదిగా రంగు మారే ఒక నాదం అందుతుంది. రెండేళ్ల తర్వాత దర్శకుడు కూబ్రిక్ ‘2001: ఎ స్పేస్ ఒడిస్సీ’ సినిమాలో దీన్నీ, లిగెటి ‘రిక్వియమ్’లో ఒక భాగాన్నీ వాడాడు. అంతరిక్షానికి ఇలాంటి గొంతు ఉంటుందని అప్పటి నుంచి సినిమా నమ్మింది.

హోవర్డ్ షోర్ దారి దీనికి పూర్తిగా వేరు. ‘ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ చిత్రాలకు ఆయన మాటను మళ్లీ తెచ్చాడు, కాకపోతే మన లోకపు భాషలో కాదు. నల్ల గుర్రాల మీద వచ్చే నాజ్‌గూల్ రౌతుల బృందగానానికి ఫిలిప్పా బోయెన్స్ సాహిత్యం రాస్తే, భాషావేత్త డేవిడ్ సాలో దాన్ని టోల్కీన్ కల్పించిన అదునాయిక్ భాషలోకి మార్చాడు. మోరియా గుహల్లో మరుగుజ్జుల భాష ఖుజ్‌దుల్ వినిపిస్తుంది, దాన్ని న్యూజీలాండ్‌లో మావోరీ, సమోవా పురుషుల చేత పాడించారు. హాల్లో ఎవరికీ ఒక్క ముక్క అర్థం కాదు. అయినా ఆ శ్రమ వృథా కాలేదు. ఉత్త ‘ఆ’కారం పాడే నోటికీ, అర్థమున్న మాట పలికే నోటికీ తేడా ఉంటుంది. హల్లుల దగ్గర కొరుకుడు, అక్షరాల దగ్గర తూకం వస్తాయి. సినిమాలో కాలకేయుల నోట కిలికి అనే కల్పిత భాష విన్న తెలుగు ప్రేక్షకులకు ఆ తేడా బాగా తెలుసు.

లోత్‌లోరియన్ అడవిలోని ఎల్ఫ్‌లకు షోర్ అరబ్బుల హిజాజ్ మకామ్ అనే స్వరక్రమాన్ని తీసుకున్నాడు. దాని మొదటి నాలుగు స్వరాలు షడ్జం, శుద్ధ రిషభం, అంతర గాంధారం, శుద్ధ మధ్యమం. శ్రుతి సూక్ష్మాల సంగతి పక్కన పెడితే, మన పిల్లలు సరళీ స్వరాలతో మొదలుపెట్టే మాయామాళవగౌళ పూర్వాంగం అదే.

ఇప్పుడు కీబోర్డు మీద ఒక మీట నొక్కితే చాలు, కోరస్ సిద్ధం. దేవత ప్రత్యక్షమైనా అదే, రాక్షసుడు లేచినా అదే. ఊపిరి సమస్యే లేని ఆ యంత్రానికి ఊపిరి దాచే కష్టమూ లేదు. అందుకే అది రెండో నిమిషానికే విసుగు పుట్టిస్తుంది. బృందగానాన్ని నేపథ్యంలో నింపే సరుకుగా చూసేవాళ్లు ఒకసారి అసలైనదాన్ని వినాలి. 2008లో స్విట్జర్లాండ్‌లోని లూసెర్న్‌లో ‘ఫెలోషిప్ ఆఫ్ ది రింగ్’ను తెర మీద నడుపుతూ, సంగీతమంతా ప్రత్యక్షంగా వినిపించారు. ఆ తరహా కచేరీలు తర్వాత ఎన్నో దేశాలు తిరిగాయి. వాటిలో బృందం దాక్కోదు, ప్రేక్షకుల ఎదుటే నిలబడి పాడుతుంది. తెర మీది రౌతులను కాసేపు వదిలేసి గాయకుల పెదాలు గమనిస్తే, ఎవరు ఏ అచ్చు మధ్యలో తప్పుకుని ఎక్కడ వచ్చి కలుస్తున్నారో కనిపిస్తుంది.