డబ్లిను గుమాస్తాలు ఇద్దఱు

జేమ్సు జాయిసు రచించిన "డబ్లినర్సు" అను కథాసంపుటము 1914లో ప్రకటితమైనది. ఇందలి పదునైదు కథలలో అద్భుతములు లేవు. అద్దె, జీతము, పానశాల, విందు, విసుగు - ఇంతియే. సంస్కారప్రియులకు దీనిపై ఒక ఆక్షేపణ కలదు: రోగమును చూపి మందు చెప్పని రచన యెందులకు?

ఇందుకు సంపుటములో ప్రక్కప్రక్కనే యున్న రెండు కథలు సమాధానము చెప్పగలవు. ఎనిమిదవ కథలోని చాండ్లరు సౌమ్యుడు, విద్యావంతుడు, కవి కావలెనని కలలు కనువాడు. లండనులో పత్రికావృత్తియందు పేరు గడించిన పూర్వమిత్రుని చూచి వచ్చిన రాత్రి అతనికి తన యిల్లు చెఱసాలగా తోచును. బైరను పద్యము చదువబోగా చేతిలోని పసిబిడ్డ ఏడ్చును. దాని ముఖముపైకి వంగి అఱచును. తొమ్మిదవ కథలోని ఫారింగ్టను న్యాయవాదుల కార్యాలయములో పత్రములకు నకళ్లు వ్రాయువాడు, మొఱటువాడు, త్రాగుబోతు. యజమానిచే చీవాట్లు తిని, గడియారమును ఆఱు షిల్లింగులకు కుదువపెట్టి త్రాగి, ఇల్లు చేరి, పొయ్యి ఆఱిపోయినదను నెపమున కుమారుని కఱ్ఱతో కొట్టును.

రెండవ కథ పేరు "కౌంటర్‌పార్ట్సు". ఆ మాటకు నకళ్లు అనియు అర్థము కలదు. పగలెల్ల పత్రములకు నకలు తీసినవాడు, రాత్రి యజమాని కోపమునకు నకలు తీసినాడు.

ఫారింగ్టను ఒక్కడే యున్నచో మనము మద్యనిషేధమును విధించి పుస్తకము మూసివేసెదము. చాండ్లరు ప్రక్కన నుండుటచే ఆ సదుపాయము మనకు లేదు. చదువును, సౌమ్యతయు గలవాని అసంతృప్తియు పసిబిడ్డపైననే పడినది. నగరవాసుల అసంతృప్తిని మౌనమని యెంచుట పొరపాటు. అది కార్యాలయములో మౌనము, ఇంటిలో కాదు. పైకి పోలేని కోపము క్రిందికి దిగును. మందు చెప్పుటకు ముందు రోగమెచ్చటనున్నదో తెలియవలెను గదా! జాయిసు చేసినది ఆ పని.

ఒక లోపము మాత్రము చెప్పక తప్పదు. ఈ రెండు కథలలోను భార్యల మనస్సు మనకు తెలియదు. భర్తల చూపునకు కనబడినంతయే వారు. 

అయినను మావంటి ఉపాధ్యాయులకు ఇవి అవశ్యపఠనీయములు. బడిలో చేయి యెత్తగానే ముడుచుకొను బాలుని మందబుద్ధియనుటకు ముందు, వాని తండ్రి పగలెవరియెదుట తలవంచుచున్నాడో యోచింపవలెను.