బ్రాకెట్లో పుట్టిల్లు

కొత్తగా అనువాదాలు చేస్తున్న రోజుల్లో ఒక పాపం చేశాను. సాలెపురుగుల మీద పిల్లల పుస్తకం అది. ఇంగ్లీషు మూలంలో ప్రతి పురుగు పేరు పక్కనా ఒక మనిషి పేరూ, ఒక సంవత్సరమూ ఉన్నాయి. కొన్నిటి చుట్టూ బ్రాకెట్లున్నాయి, కొన్నిటికి లేవు. కంపోజింగు వాళ్ల కంగాళీ కాబోలనుకుని, పేజీ శుభ్రంగా కనపడుతుందని అన్ని బ్రాకెట్లూ పీకేశాను. ప్రూఫులు చూసిన జంతుశాస్త్రం మాస్టారు, అప్పటికే రిటైరైన మనిషి, ఫోను చేశారు. “అమ్మాయ్, నువ్వు తీసేసినవి బ్రాకెట్లు కావు, పుట్టిళ్లు” అన్నారు.

ఆయన చెప్పింది విన్నాక నాకు తల కొట్టేసినట్టయింది. శాస్త్రీయ నామమంటే రెండు మాటలు. మొదటిది ప్రజాతి పేరు, రెండోది జాతి పేరు. వేరే దేశాల పిల్లలకి ఈ వరస ఎందుకో విడమరిచి చెప్పాలేమో గానీ మనకి అక్కర్లేదు. ముందు ఇంటిపేరు, వెనక సొంతపేరు. లినేయస్ ఎవరో తెలుగువాళ్ల శుభలేఖ చూసి ఈ పద్ధతి రాసుకున్నాడా అనిపిస్తుంది. ఆ రెండిటి పక్కన ఉండే మనిషి, ఆ జీవికి మొదట పేరు పెట్టి లోకానికి చూపించినవాడు. జీవి ఇవాళ్టికీ ఆయన చేర్చిన ఇంట్లోనే ఉంటే ఆయన పేరు ఉత్తగా ఉంటుంది. తర్వాత వచ్చినవాళ్లు పరీక్షచేసి ‘ఇది ఈ ఇంటిది కాదు’ అని వేరే ప్రజాతిలో చేరిస్తే ఆయన పేరు బ్రాకెట్లోకి పోతుంది. అంటే బ్రాకెట్లు కనపడ్డాయీ అంటే ఆ పురుగు ఇల్లు మారిందన్నమాట.

మొన్న హ్యూస్టన్ నుంచి మా అక్క కూతురు వాట్సాప్‌లో ఒక ఫోటో పంపింది. ఇటుక గోడకీ కిటికీ చట్రానికీ మధ్య ఉన్న సందులోంచి బయటికి పరుచుకున్న గూడు, దుమ్ము పట్టి బూడిదరంగులో ఉంది. మధ్యలో గుండ్రటి కన్నం. కన్నం అంచున నల్లగా, ముఖమల్ గుడ్డలా ఒక సాలీడు. రెండో ఫోటోలో లేత గోధుమరంగు సాలీడు ఇంకొకటి, సన్నగా, కాళ్లు బారెడు.

“పిన్నీ, పక్కింటావిడ రెండోదాన్ని చూసి బ్రౌన్ రెక్లూజ్ అంటోంది. కుడితే కండ కుళ్లిపోతుందట. పిల్లాణ్ణి ఆ గదిలోకి వెళ్లనివ్వట్లేదు.”

“కళ్లు లెక్కపెట్టావా?”

“నా కళ్లా, దాని కళ్లా?”

నేను అడిగింది దాని కళ్లే. బ్రౌన్ రెక్లూజ్‌కి ఆరు కళ్లు, రెండేసి చొప్పున మూడు జతలుగా విడివిడిగా ఉంటాయి. ఆ కిటికీ సందులో కాపురం పెట్టే సాలీడుకి ఎనిమిది కళ్లూ తల ముందు ఒకే బొడిపె మీద కుప్పగా ఉంటాయి. సాయంత్రానికి ఫోను కెమెరాకి భూతద్దం అడ్డుపెట్టి తీసిన ఫోటో పంపింది. కుప్పే. నల్లది ఆడది, గోధుమరంగుది మగది, ఒకటే జాతి. అమెరికా దక్షిణాన ఇళ్ల గోడల్లో మామూలుగా కనపడేదే. దాని మగవాణ్ణి రెక్లూజ్ అని పొరపడి చెప్పుల కింద వేసి రాసెయ్యడం అక్కడ రోజూ జరిగే పనే. మనిషికి హాని చేసే రకం కాదు. పూర్తి పేరు కుకుల్కానియా హైబర్నాలిస్ (హెంట్జ్, 1842) అని పంపాను. మాస్టారు గుర్తొచ్చి బ్రాకెట్లు రెండుసార్లు సరిచూసుకున్నాను.

ఈ హెంట్జ్ ఫ్రాన్స్‌లో పుట్టి అమెరికా వెళ్లి, అలబామాలో బళ్లు నడుపుతూ సాలీళ్లు పోగేసిన పంతులు. ఆయన దీనికి పెట్టిన ఇంటిపేరు ఫిలిస్టాటా. 1967లో ఫిన్లాండ్‌కి చెందిన లెహ్తినెన్ దీన్ని ఆ ఇంట్లోంచి తీసి, మాయా ప్రజల ఈకల పాముదేవుడు కుకుల్కాన్ పేర కొత్త ఇల్లు కట్టి అందులో పెట్టాడు. ఇల్లు మార్చిన పెద్దమనిషి పేరు మాత్రం ఎక్కడా రాయరు. మొక్కల వాళ్లు నయం, బ్రాకెట్ పక్కనే మార్చినవాడి పేరు కూడా వేస్తారు. జంతువుల వాళ్లకి ఆ మర్యాద లేదు.

ఇల్లు మారినా వంశం మారలేదు. ఈ సందుల సాలీళ్లన్నిటినీ కలిపి ఫిలిస్టాటిడే అంటారు. చివరి ‘ఇడే’ గ్రీకు నుంచి వచ్చింది, ఫలానావారి సంతతి అని అర్థం. మన గోత్రం లాంటిది. జంతువుల కుటుంబాల పేర్లన్నిటికీ ఆ తోక తప్పనిసరి. తోక తీసి ‘ఫిలిస్టాటిడ్’ అంటే ఆ వంశంలో ఎవరో ఒకరు అని, మాట్లాడుకునేటప్పుడు వాడే మాట. ఇంగ్లీషులో ఈ తేడాలు కంటికే తెలిసిపోతాయి. కుటుంబం పేరుకి పెద్దక్షరం, ప్రజాతి పేరుకి పెద్దక్షరమూ, వాలు అచ్చూ, మామూలు వాడుక మాటకి చిన్నక్షరం. మన లిపిలో పెద్దా చిన్నా లేవు. వాలు అచ్చు పెడితే తెలుగు అక్షరం తాగి తూలుతున్నట్టుంటుంది. అందుకని నేను ‘ఫిలిస్టాటా ప్రజాతి’, ‘ఫిలిస్టాటిడే కుటుంబం’ అని ప్రతిసారీ పక్కనొక మాట తగిలిస్తాను. వాక్యం బరువెక్కుతుందని సంపాదకులు విసుక్కుంటారు. విసుక్కోనీ.

అసలు ఫిలిస్టాటా అన్న మాటకి అర్థమేమిటి? లాటిన్‌లో ‘ఫిలుమ్’ అంటే దారం. మగ్గం దగ్గర మాటలో పోగు. ‘స్టాటా’ అంటే నిలిపినది. మన స్థిత, స్థానం అన్న మాటలకి దూరపు చుట్టం, ఒకే ధాతువు. పోగు నిలిపినది. సందులోని గొట్టంలాంటి గూట్లోంచి గోడ మీదికి పోగులు నలువైపులా లాగి, వాటి కొసలు కాళ్ల కింద పెట్టుకుని రాత్రంతా కూర్చునే పురుగుకి అంతకన్నా సరైన మాట నాకు దొరకలేదు.

ఈ మాట తయారుచేసింది లాత్రెయ్. 1810. ఆయన ప్రాణం నిలిచింది కూడా ఒక పురుగు వల్లే. ఫ్రెంచి విప్లవంలో, ప్రమాణం చెయ్యని మతాధికారి అని బోర్డో జైల్లో వేశారు. అక్కడ నేల మీద ఒక చిన్న పెంకుపురుగు కనపడితే చేత్తో పట్టుకుని మురిసిపోతున్నాడట. చూడ్డానికొచ్చిన వైద్యుడు ఇదేమిటని అడిగితే, చాలా అరుదైనదని చెప్పాడు. ఆ పురుగు వైద్యుడి చేతిమీదుగా ఊళ్లోని ప్రకృతి శాస్త్రజ్ఞులకి చేరింది, వాళ్లు పూనుకుని ఆయన్ని విడిపించారు. తోటి ఖైదీల్లో చాలామందికి ఆ అదృష్టం లేకపోయింది. ఎర్రమెడ అని అర్థం వచ్చే రూఫికాలిస్ అన్న ఆ పురుగు బొమ్మ పారిస్‌లో ఆయన సమాధి మీద చెక్కి ఉంది.

ఫిలిస్టాటా ఇంట్లో పెద్దకూతురి పేరు ఇన్సిడియాట్రిక్స్. పక్కన బ్రాకెట్లో ఫోర్స్కాల్, 1775. ఇది నాకు చాలా ఇష్టమైన బ్రాకెట్. ఫోర్స్కాల్ లినేయస్ శిష్యుడు. డెన్మార్క్ రాజు అరేబియాకి పంపిన బృందంతో 1761లో బయలుదేరాడు. 1763లో యెమెన్‌లో జ్వరంతో పోయాడు, అప్పటికి ముప్పై ఒక్క ఏళ్లు. ఆరుగురు వెళితే తిరిగి ఇల్లు చేరింది నీబూర్ ఒక్కడే. స్నేహితుడి కాగితాలు దాచి, 1775లో పుస్తకంగా వేయించాడు. బ్రాకెట్లో ఆ సంవత్సరం పడేసరికి పేరు పెట్టినవాడు పోయి పన్నెండేళ్లు.

ఇన్సిడియాట్రిక్స్ అంటే పొంచి ఉండి మీదపడే ఆడది. చివరి ‘ట్రిక్స్’ పని చేసే స్త్రీని చెప్పే ప్రత్యయం. దీన్ని తెలుగు చెయ్యడానికి నేను మూడు రోజులు తిప్పలుపడ్డాను. పొంచియుండునది, దాగి దాడిచేయు స్త్రీ, అన్నీ రద్దు. మూడో రోజు కూరలమ్మాయి ఎవరినో ‘పెద్ద మాయకత్తె’ అని తిడుతుంటే వెలిగింది. మనకి ‘కత్తె’ ఉండనే ఉంది. పాటకత్తె, వేటకత్తె, అందకత్తె. మాటు వేసేది మాటుకత్తె. లాటిన్ ప్రత్యయానికి తెలుగు ప్రత్యయం ఇంత ఒదిగిన సందర్భం నా అనుభవంలో ఇంకొకటి లేదు.

సంతోషం కొద్దీ మాస్టారికి చూపించాను. “మాట బంగారంలా ఉంది. పేరు బదులు మాత్రం వెయ్యకు. పేరు పేరే, అర్థం అర్థం” అన్నారు. నిజమే. మా బంధువుల్లో అప్పుల అప్పారావులున్నారు, నల్లటి శ్వేతలున్నారు. అర్థం చూసి పేరు తర్జుమా చేస్తే చిక్కే. ఒకసారి నేను హైబర్నాలిస్‌ని ‘శీతాకాలపు సాలీడు’ అని రాసేశాను. లాటిన్‌లో దానర్థం అదే. వేసవిలో కూడా ఉంటుంది కదండీ అని ఏడో తరగతి పిల్ల ఉత్తరం రాసింది. ఏళ్ల తరబడి ఒకే గూట్లో బతికే ఆడ సాలీడు అది. ఆ పిల్లకి జవాబు రాయడానికి సిగ్గేసింది.

ఊరిపేరు తర్జుమాలో ఇంకో రకం ప్రమాదముంది. చెట్టు తొర్రల్లో ఉండే నీలిరంగు పెద్ద సాలీడొకటి మనదే. పీసిలోథీరియా మెటాలికా, పోకాక్, 1899. బ్రాకెట్లు లేవు, పుట్టింట్లోనే ఉంది. మొదటిది దొరికింది గుత్తిలో, రైల్వేవాళ్ల కలప అడితిలో. దాంతో లోకమంతా దాన్ని ఆ ఊరి పేరుతో పిలుస్తోంది. దాని అడవి మాత్రం నంద్యాల, గిద్దలూరు మధ్య ఉంది. దుంగతోపాటు రైలెక్కి వచ్చిందన్నమాట. ఇంగ్లీషు స్పెల్లింగు చదివి ‘గూటీ టరాంటులా’ అని తెలుగులో రాసిన వ్యాసం ఒకటి నా దగ్గరికి దిద్దడానికొచ్చింది. గుత్తి కోట చూసినవాళ్లెవరూ రాయరు ఆ మాట.

పేరు సంగతి అలా ఉంచి, మామూలు వాడుకకి ఒక తెలుగు మాట కావాలి కదా. ఇంగ్లీషులో వీటిని క్రెవిస్ వీవర్స్ అంటారు. నేతకి లోటు లేదు, సాలీడన్న మాటలోనే సాలె ఉన్నాడు. చిక్కంతా క్రెవిస్ దగ్గరే. మనకి ఒక్క మాట కాదు, బోలెడున్నాయి, దేని చోటు దానిది. ఎండిన చేలో నెర్రె. గోడలో బీట. చెట్టుకి తొర్ర. కంచెకి కంత. ఎలుకకి బొరియ. రెండు రాళ్ల నడుమ సందు. ఇవన్నీ ఒకటే అనుకునేవాడు పొలానికీ వెళ్లలేదు, ఇల్లూ కట్టించలేదు. ఈ సాలీడు తవ్వదు, పగలగొట్టదు, ఉన్న ఎడంలో దూరి గొట్టం అల్లుకుంటుంది. కనక బొరియ కాదు. నెర్రె వానొస్తే మూసుకుపోతుంది. సందు సరిపోతుంది గానీ ‘సందు సాలీడు’ అంటే పక్క వీధిలో ఉండే సాలీడులా వినపడుతోందని మా ఆయన నవ్వాడు. ప్రస్తుతానికి ‘బీటసాలె’ దగ్గర ఆగాను.

సంస్కృతం వైపు చూస్తే ఊర్ణనాభి అన్న మాటుంది. బొడ్డులో ఉన్ని ఉన్నది. తోటలో చక్రంలా మెరిసే గూడు అల్లే సాలీళ్లకి అది అంత నప్పదు. వాటి వలకి తడి జిగురు బొట్లుంటాయి, పోగు నున్నగా ఉంటుంది. ఫిలిస్టాటిడ్లకి మటుకు అతికినట్టు సరిపోతుంది. వీటి పోగుకి జిగురే లేదు. పొట్ట చివర జల్లెడలాంటి పలక ఉంటుంది. దాని పేరు క్రిబెల్లుమ్, లాటిన్‌లో చిన్న జల్లెడనే అర్థం. అందులోంచి లెక్కలేనన్ని నూగుపోగులు వస్తాయి. వెనక కాలి మీది వెంట్రుకల దువ్వెనతో వాటిని ఏకి, ఉన్నిలా పొంగిస్తుంది. పురుగు కాలు ఆ నూగులో చిక్కుకుంటే ఇక రాదు. ఆ దువ్వెనని కాలమిస్ట్రుమ్ అంటారు, రోమన్ ఆడవాళ్లు జుట్టు వంకీలు తిప్పుకునే ఇనపకడ్డీ పేరది. జల్లెడ, దువ్వెన, ఉన్ని. ఒక ఇంటి సామాను జాబితా చదువుతున్నట్టుంటుంది.

మన దేశంలోనూ ఈ వంశం ఉంది. టికాదర్ 1963లో పుణె దగ్గరి సాలీడొకదానికి ఫిలిస్టాటా పూనాయెన్సిస్ అని పేరు పెట్టాడు, పుణెవాసి అని. ఇవాళ దాని పేరు పృథ పూనాయెన్సిస్ (టికాదర్, 1963). పృథ అన్న ప్రజాతి కూడా 1967లో ఆ లెహ్తినెనే పెట్టింది. పృథ అనగానే తెలుగువాడి మనసు ఎక్కడికి పోతుందో చెప్పక్కర్లేదు. శూరసేనుడి కూతురు పృథ, కుంతిభోజుడి ఇంటికి దత్తత వెళ్లి కుంతి అయింది. ఈ సాలీడేమో ఫిలిస్టాటా ఇంట్లోంచి వెళ్లి పృథ అయింది. మాస్టారు ఉంటే ఫోను చేసి చెప్పేదాన్ని.

ఈ వారం మా ఇంటికి సున్నాలు. వెనక గోడకి, తూము పక్కన, దుమ్ముపట్టిన గుండ్రటి గూడు ఒకటి ఉంది, మధ్యలో కన్నంతో సహా. రాత్రి టార్చి వేస్తే లోపల కాళ్లు కదిలాయి. ఫిలిస్టాటిడ్ అని నోటిదాకా వచ్చింది. కళ్లు కనపడలేదు. కళ్లు చూడకుండా వంశం చెప్పకూడదు, అందుకని నోట్‌బుక్‌లో తేదీ వేసి ‘సాలీడు’ అని మాత్రం రాసుకున్నాను. పొద్దున మేస్త్రి బూజుకర్ర పట్టుకుని వచ్చాడు.

“అమ్మా, ఈ మూల కూడా దులిపెయ్యమంటారా?”

“అది ఉండనీ బాబూ. చుట్టూ వేసెయ్.”

వింతగా చూసి, చుట్టూ వేశాడు. తెల్లటి గోడ మీద అరచేతి వెడల్పున పాత సున్నం, మధ్యలో కన్నం.