అంకె వెనుక లెక్క

భార్యకు నెలకు 15,000 రూపాయలు. కొడుక్కి మొదట 5,000, తరవాత 10,000. నాగపూర్ ఫ్యామిలీ కోర్టు 2015 ఆగస్టులో నిర్ణయించిన ఈ మధ్యంతర భరణం మీద తగాదా సుప్రీం కోర్టు దాకా వెళ్ళింది. 2020 నవంబరు 4న జస్టిస్ ఇందు మల్హోత్రా, తెలంగాణకు చెందిన జస్టిస్ ఆర్. సుభాష్ రెడ్డి ధర్మాసనం ఇచ్చిన తీర్పు ఆ ఒక్క కుటుంబం సంగతి తేల్చి ఊరుకోలేదు. భరణం ఉత్తర్వు ఎలా తయారవ్వాలో దేశంలోని కింది కోర్టులన్నిటికీ చేసి చూపించింది.

కారణాలు రాయాలన్నది కొత్త నియమం కాదు. క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ (సీఆర్‌పీసీ) 125వ సెక్షన్ కింద ఇచ్చే తుది భరణం ఉత్తర్వులో తేల్చవలసిన అంశం, దాని మీద నిర్ణయం, అందుకు కారణాలు ఉండి తీరాలని అదే చట్టం 354(6) సెక్షన్ చెప్పింది. 1984 నాటి ఫ్యామిలీ కోర్టుల చట్టం 17వ సెక్షన్ మాటా అదే. అయినా ‘ఇరుపక్షాల వాదనలు విన్నాం, నెలకు ఇంత చెల్లించాలి’ అని ముగిసే ఉత్తర్వులు ఎందుకొస్తాయి? భర్త రాబడి దాస్తాడు, భార్య అవసరాలు పెంచి చెబుతుంది, జడ్జి మధ్యలో అంచనా వేస్తారు. ఆధారం లేని చోట కారణం ఎలా రాస్తారు? ఈ తీర్పులోని పనితనమంతా ఈ చిక్కుముడిని పట్టుకోవడంలోనే ఉంది. కారణాలు రాయండని ఉపదేశించడంతో సరిపెట్టకుండా, కారణాలకు కావలసిన సరుకును ముందే కోర్టు బల్ల మీదికి తెప్పించింది.

అలా తెప్పించే సాధనం ఆస్తి అప్పుల అఫిడవిట్. ఇద్దరూ దాఖలు చేయాలి. జీతం, బ్యాంకు ఖాతాలు, ఆదాయపు పన్ను రిటర్నులు, అప్పులు, పిల్లల బడి ఫీజులు, వైద్యం ఖర్చులు, పోషించవలసిన తల్లిదండ్రులు అన్నీ అందులో చెప్పాలి. విదేశాల్లో ఉన్నవాళ్ళ వివరాలకు వేరే భాగం ఉంది. అల్లుళ్ళు అమెరికాలో ఉన్న తెలుగు ఇళ్ళకు దాని విలువ చెప్పనక్కరలేదు. సేద్యం మీద బతికేవాళ్ళకు నమూనాయే వేరు. భూమి మాగాణా మెట్టా, మూడేళ్ళుగా ఏ పంటలు వేశారు, కౌలు ఎంత వచ్చింది, గేదెలూ మేకలూ ఉన్నాయా అని అడుగుతుంది. జీతం స్లిప్పు లేని రైతు రాబడిని లెక్కకు అందేలా చేసిన ఈ శ్రద్ధ నన్ను ముగ్ధుణ్ణి చేసింది.

ఇంత సరుకు పోగేశాక కూడా తీర్పు ‘జీతంలో ఇంత శాతం’ అనే సూత్రం గీయలేదు. ఇద్దరి హోదా, చదువు, కాపురంలో అలవాటైన జీవన స్థాయి, పిల్లల కోసం వదులుకున్న ఉద్యోగం, భర్త మోస్తున్న బాధ్యతలు తూచమంది. భార్య సంపాదిస్తున్నంత మాత్రాన భరణం కాదనకూడదంది. భరణం మొదలయ్యే తేదీని కోర్టులు మూడు తీరులుగా లెక్కిస్తూ వచ్చాయి; ఆ మూడింటినీ పక్కపక్కన పెట్టి పరిశీలించి, దరఖాస్తు పెట్టిన రోజు నుంచే భరణం ఇవ్వాలని తేల్చింది. కోర్టులో జరిగే జాప్యానికి భార్యా బిడ్డలు పస్తులుండరాదన్నదే అందులోని న్యాయం.

కారణాల అసలు విలువ ఉత్తర్వు వెలువడ్డాక తెలుస్తుంది. రివిజన్‌లో హైకోర్టు పరిశీలించేది కింది కోర్టు ఆలోచననే. అది కాగితం మీద లేకపోతే కేసు మళ్ళీ మొదటికొస్తుంది. రేపు ఉద్యోగం పోయినా, బిడ్డ కాలేజీకి వచ్చినా భరణం మార్చమని అడగవచ్చు. పరిస్థితి మారిందని చూపాలంటే, మునుపటి అంకె ఏ పరిస్థితిని బట్టి వేశారో రాసి ఉండాలి కదా!

125వ సెక్షన్ ఇప్పుడు భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 144 అయింది. ఈ మార్గదర్శకాలు సరిగా అమలు కావడం లేదని గమనించిన సుప్రీం కోర్టు, తీర్పును న్యాయాధికారులందరికీ మళ్ళీ పంపమని 2023 నవంబరులో ఆదేశించింది. జడ్జీలతో పాటు వకీళ్ళూ, కక్షిదారులూ దీన్ని చదవాలి. ఉత్తర్వు చేతికి రాగానే అందరి కళ్ళూ అంకె మీదికే పోతాయి. ఆ అంకె ఎలా వచ్చిందో పై పేరాల్లో ఉందో లేదో చూడటం, లేకపోతే పై కోర్టులో నిలదీయడం మన హక్కు.