సాక్షులు తెర మీదికి రాని సినిమా

ఆటగాడి మీద డాక్యుమెంటరీ అంటే ఒక పద్ధతి స్థిరపడిపోయింది. పాత ఆట ముక్క ఒకటి, వెంటనే కుర్చీలో కూర్చున్న పెద్దమనిషి జ్ఞాపకాలు, మళ్లీ ఇంకో ముక్క. 2010లో వచ్చిన ‘సెన్నా’లో ఆ కుర్చీ లేదు. బ్రెజిల్ రేసర్ అయర్టన్ సెన్నా కథను దర్శకుడు ఆసిఫ్ కపాడియా ఆ కాలపు ఫుటేజ్‌తోనే నడిపాడు: ఫార్ములా వన్ భద్రపరచిన రీళ్లు, టీవీ వార్తలు, ఇంట్లో తీసుకున్న వీడియోలు. అక్క వివియాన్, ఫార్ములా వన్ డాక్టర్ సిడ్ వాట్కిన్స్, విలేఖరులు మాట్లాడుతూనే ఉంటారు. గొంతులు మాత్రమే వింటాం.

దీనివల్ల ఒరిగేదేమిటంటే కాలం. నెరిసిన తల తెర మీద కనిపించిందంటే అంతా ఎప్పుడో అయిపోయిందని తెలిసిపోతుంది. గొంతుకి ఆ తేదీ ఉండదు. అందుకే 1994 మే 1న ఇమోలా రేసులో సెన్నా చనిపోయాడని తెలిసినవాళ్లు కూడా అది ఇంకా రాబోతున్నట్టే చూస్తారు.

కానీ వివరించే ముఖం లేనప్పుడు ఆ భారమంతా కూర్పు మీద పడుతుంది. ఎడిటర్లు గ్రెగర్స్ సాల్, క్రిస్ కింగ్ ఆ భారం ఎలా మోశారో జపాన్‌లోని సుజుకా ఘట్టంలో చూడాలి. 1989లో అక్కడ ప్రత్యర్థి అలెన్ ప్రోస్ట్ కారూ సెన్నా కారూ ఢీకొన్నాయి. సెన్నా పక్కనున్న ఎస్కేప్ రోడ్డు (మలుపు తప్పిన కార్ల కోసం ఉండే దారి) గుండా తిరిగి ట్రాక్ ఎక్కి, రేసు గెలిచాడు. మలుపు వదిలేశాడంటూ ఫలితం రద్దు చేశారు. ప్రపంచ టైటిల్ ప్రోస్ట్‌కి దక్కింది. ఆ ఎస్కేప్ రోడ్డు మన కళ్లలో నిలిచేలా సినిమా ముందే చూపించేస్తుంది. ఏడాది తర్వాత అదే సుజుకాలో రేసుకు ముందు డ్రైవర్ల సమావేశం. దారి తప్పినవాడు ఎదురొచ్చే కార్లకు అడ్డంగా వెనక్కి తిరగడం ప్రమాదం, ఎస్కేప్ రోడ్డు గుండానే పోనివ్వాలి అంటాడు మరో డ్రైవర్ నెల్సన్ పికే. మిగతావాళ్లూ సరేనంటారు. నిరుడు తనను శిక్షించింది దానికే కదా అని సెన్నా లేచి వెళ్లిపోతాడు. అధికారుల తీరు గురించి ఒక్క ముక్క వ్యాఖ్యానం అక్కర్లేదు. మామూలు సమావేశపు దృశ్యానికి ఇంత బలం రావడం నాకు ఎన్నిసార్లు చూసినా ఆశ్చర్యమే.

బ్రెజిల్‌నీ ఇలాగే అల్లారు. 1991 ఇంటర్‌లాగోస్‌లో గేర్‌బాక్స్ చెడి, చివరికి ఆరో గేరు ఒక్కటే మిగిలినా సెన్నా సొంతగడ్డ మీద గెలుస్తాడు. రేడియోలో అతని కేక వింటాం, కప్పు పైకెత్తడానికి కష్టపడే చేతులు చూస్తాం. ఇన్నేళ్ల జనం ఆనందం చూశాం గనకే, అంత్యక్రియల వేళ ఒక సామాన్య స్త్రీ తమకు తిండి, చదువు, వైద్యంతో పాటు కాస్త సంతోషం కూడా కావాలని, ఇప్పుడది పోయిందని అన్నప్పుడు ఆ మాట దేశం మాటలా వినిపిస్తుంది.

ఒక లోటు చెప్పాలి. ప్రోస్ట్ పక్షం పలచబడింది. తర్వాత అతను సెన్నా పేరిట ఉన్న ఫౌండేషన్‌కు ట్రస్టీ అయిన సంగతి చివర్లో తెర మీద అక్షరాలుగా మాత్రమే వస్తుంది. సాక్షుల్ని దాచినప్పుడు ఏది ఉంచారో, ఏది తీశారో అదే తీర్పవుతుంది.

మొత్తం కథ తేదీల వరుసలో సాగినా చివర మాత్రం ఆ వరుస దాటారు. 1993లో అడిలైడ్‌లో సెన్నాను అడిగారు: నీకు అన్నిటికన్నా తృప్తినిచ్చిన ప్రత్యర్థి ఎవరు? ప్రోస్ట్ పేరు చెప్పలేదు. కార్టింగ్ రోజుల టెర్రీ ఫుల్లర్టన్ పేరు చెప్పాడు; అప్పుడు డబ్బు, రాజకీయం లేవు, ఉన్నది రేసింగేనన్నాడు. 1993లోనే పెడితే అదొక ముచ్చటైన జవాబుగా దాటిపోయేది. సుజుకా, ఇమోలా అయ్యాక వింటే ఆ సమావేశపు గదులన్నీ అతనికి ఎంత బరువో తెలుస్తుంది.