డెల్టోరా రత్నదర్శనం: ఏడు రాళ్లు, ఒక వరుస

ఆస్ట్రేలియన్ రచయిత్రి జెన్నిఫర్ రో, ఎమిలీ రోడ్డా అన్న కలంపేరుతో పిల్లల కోసం రాసిన ‘డెల్టోరా క్వెస్ట్’ తొలి శ్రేణి ఎనిమిది పుస్తకాలది. 2000లో వెలువడటం మొదలైంది. చిక్కుప్రశ్నలు, కాపలా భూతాలు, వరుస సాహసాలు పైకి కనిపించే సరుకు. వాటి అడుగున ఒక కల్పిత రత్నశాస్త్రం ఉంది. రాయికి శక్తి ఎక్కడినుంచి వస్తుందన్న ప్రశ్నకు అది ఇచ్చే జవాబు పిల్లల కథ స్థాయికి మించినది.

కథలో ఏడు తెగలు, తెగకొక రత్నం. అదిన్ అనే కమ్మరి ఉక్కుతో నడికట్టు చేసి, ఒక్కొక్క తెగనూ ఒప్పించి రత్నాలను అందులో పొదుగుతాడు. తెగలు ఏకమై ఛాయాప్రభువు సేనను తరిమేస్తాయి. తరాలు గడిచేసరికి రాజులు కోట దాటి బయటికి రావడం మానుకుంటారు. నడికట్టు పండుగనాడు మాత్రమే పైకి తీసే నగ అవుతుంది. అప్పుడే శత్రువు చేయి దానిమీద పడుతుంది. చెల్లాచెదురైన రాళ్లను ముగ్గురు వెతికి తేవడమే మిగతా కథ.

విడివిడిగా చూస్తే రాళ్ల గుణాలు కొత్తవి కావు. కీడు దగ్గరపడితే కెంపు వెలవెలబోతుంది. మాట తప్పితే పచ్చ మసకబారుతుంది. విషాహారం ఎదుట అమెథిస్టు రంగు కోల్పోతుంది. ఈ నమ్మకాల మూలాలు ప్లినీ ‘సహజ చరిత్ర’లోనూ, 11వ శతాబ్దపు రెన్ బిషప్ మార్బోడ్ రత్నకావ్యంతో బలపడిన ఐరోపా సంప్రదాయంలోనూ ఉన్నాయి. తెలుగు పాఠకుడికి ఇవి మరీ పరాయివి కావు. డెల్టోరాలో పచ్చ విషానికి విరుగుడు. తెలుగులో దాని పేరే గరుడపచ్చ.

భేదం దోషం దగ్గర వస్తుంది. వరాహమిహిరుడి ‘బృహత్సంహిత’లో శుభాశుభాలు రత్న లక్షణాన్ని బట్టి ఉంటాయి. మంచి రత్నం రాజుకు మేలు, దోషమున్నది కీడు. ఏ వర్ణంవారికి ఏ రంగు వజ్రమో కూడా అందులో ఉంది. ఇప్పటి రాశిరాళ్ల వ్యాపారమూ ఈ దారిలోనే నడుస్తుంది. జాతకం ఒకటి, వేలు ఒకటి, ఉంగరం ఒకటి. రోడ్డా కల్పనలో దోషం రాయిలో ఉండదు, దాని ఎదుట నిలిచిన మనిషిలో ఉంటుంది. కుట్రతో సంపాదించిన వజ్రం అరిష్టం తెస్తుంది గాని అది వజ్రం తప్పు కాదు. ఇక్కడి రత్నం సాక్షి, విధాత కాదు. ఏడూ ఒకచోట చేరాక కూడా నడికట్టు వెంటనే పనిచేయదు. తెగల మధ్య పాత ఒప్పందం తిరిగి నిలబడాలి, రాళ్లు సరైన వరుసలో ఉండాలి.

ఆ వరుస ఒక అక్షరక్రీడ. డైమండ్, ఎమరాల్డ్, లాపిస్ లజూలీ, టోపజ్, ఓపల్, రూబీ, అమెథిస్ట్ అన్న పేర్ల తొలి ఇంగ్లిషు అక్షరాలు కలిపితే దేశం పేరు వస్తుంది. చిత్రకవిత్వం ఎరిగిన సాహిత్యానికి ఈ ముచ్చట కొత్త కాదు. అయితే దీనివల్ల ఒక చిక్కు ఉంది. వజ్రం, మరకతం, పుష్యరాగం అని తెలుగు చేసిన మరుక్షణం డెల్టోరా చెదిరిపోతుంది. అదిన్ వరుస ప్రకృతిధర్మంలా కనిపించినా నిజానికి ఒక భాషాధర్మం. దీన్ని లోపమనడం కంటే బలమనడమే న్యాయం. రాళ్లకు తమంతట తాము అర్థం లేదని, పేరు పెట్టుకున్న జనమే వాటికి క్రమం ఇచ్చారని కథ తెలియకుండానే ఒప్పుకుంటోంది.

అసలు బలహీనత వారసత్వం దగ్గర ఉంది. నడికట్టు అదిన్ రక్తానికే వెలుగుతుంది. కొలిమి దగ్గర పెరిగిన లీఫ్ కమ్మరి కొడుకుగానే గెలిచి ఉంటే ఈ దర్శనం తన తర్కాన్ని చివరిదాకా నిలబెట్టుకునేది. చివరి పుస్తకంలో అతడు రాజు ఎండన్ కొడుకని తేలుతుంది. తొలి రాజు కమ్మరి అన్న సంగతి ఈ మలుపుకు కొంత సమర్థన ఇస్తుంది, పూర్తిగా ఇవ్వదు. జనానికి దూరమైన రాజులను అంత గట్టిగా తప్పుపట్టిన కథ, జనం నుంచి ఒకణ్ని ఎన్నుకునే ధైర్యం చేయలేదు.

ఈ కథ పుట్టిన నేలను పక్కనపెట్టి చదవడం కష్టం. ఐరోపాలో ఓపల్‌కు అపశకునపు పేరు వచ్చింది. అందుకు వాల్టర్ స్కాట్ 1829 నాటి నవల కొంత కారణమంటారు. రోడ్డా దానికి ఆశను, భవిష్యత్తు చూపే శక్తిని ఇచ్చింది. ఓపల్ 1993లో ఆస్ట్రేలియా జాతీయ రత్నమైంది. అంతకు ముందటి ఏడాది మాబో తీర్పులో అక్కడి హైకోర్టు, వలస రాకముందు ఆ నేల ఎవరిదీ కాదన్న వాదాన్ని తోసిపుచ్చి ఆదిమవాసుల భూమిహక్కును గుర్తించింది. రత్నం తెగది, తెగ నేలది అనే కథ ఆ దశాబ్దపు చివర పుట్టడం వెనుక రచయిత్రి ఉద్దేశం ఉందని చెప్పడానికి ఆధారం లేదు. ఆ పోలికను చూడకుండా చదవడం మాత్రం సాధ్యం కాదు. కథలో ఓపల్ సొంతదారులైన మైదానజనం ఎలుకల బెడదకు హీరా నగరం వదిలిపోయి, పరాయి పేరున్న ఊళ్లో, పరాయి నియమాల కింద బతుకుతారు. దక్షిణ ఆస్ట్రేలియాలో 1915లో ఓపల్ దొరికిన ఊరు కూబర్ పీడీ. ఆ పేరు ఆదిమవాసుల మాటలనుంచి వచ్చిందంటారు. సాధారణంగా చెప్పే అర్థం, తెల్లవాడి గొయ్యి.